వేగుచుక్కలోని మణి

మణుల కథలు తెలుగువారికి క్రొత్తవి కావు. వినాయక చవితినాడు అక్షతలు చేతబట్టుకొని శమంతకోపాఖ్యానము వినని ఇల్లు తెలుగునాట అరుదు. సూర్యభగవానుడు సత్రాజిత్తునకు ఒసగిన ఆ మణి దినమునకు ఎనిమిది బారువుల బంగారము నిచ్చెడిది. బంగారముతోపాటు అది మరణమును గూడ తెచ్చెను. దానిని ధరించి వేటకు పోయిన ప్రసేనుడు సింహమువాత బడెను. నిద్రించుచున్న సత్రాజిత్తును శతధన్వుడు దానికొరకే సంహరించెను. శ్రీకృష్ణునంతటి వానికిని నీలాపనింద తప్పలేదు.

ఇట్టి మణికథ నొకదానిని ఇరువదవ శతాబ్దమున ఒక ఆంగ్ల పండితుడు తన ఊహనుండి కల్పించెను. ఆయన మణి బంగారము నీయదు, రోగములు మాన్పదు, యుద్ధమున జయము చేకూర్పదు. అది చేయు పని ఒక్కటే: వెలుగును దాచుకొనును. దాచబడిన ఆ వెలుగు ఎవరి సొత్తు అను ప్రశ్న చుట్టును ఒక యుగచరిత్ర యంతయు నడచును. ఆ మణి పేరు సిల్మరిల్. దానిని కల్పించినవాడు జాన్ రొనాల్డ్ రూయెల్ టోల్కీన్. ఆ కథలుగల గ్రంథము ‘సిల్మరిలియన్’.

మాటలనుండి పుట్టిన లోకము

టోల్కీన్ 1892 జనవరి 3వ తేదీన దక్షిణాఫ్రికాలోని బ్లూమ్‌ఫాంటెయిన్ నగరమున జన్మించెను. నాలుగవ యేట తండ్రిని, పండ్రెండవ యేట తల్లిని పోగొట్టుకొనెను. ఆక్సఫర్డులో చదువుకొని, 1925లో అక్కడనే ప్రాచీనాంగ్ల భాషకు ఆచార్యుడై, 1959లో విశ్రాంతి గైకొనువరకు ఆ విశ్వవిద్యాలయముననే బోధించెను. భాషాశాస్త్రము ఆయన వృత్తి. క్రొత్త భాషలు నిర్మించుట ఆయన వ్యసనము. ఫిన్నిష్ భాష నాదమునకు ముగ్ధుడై క్వెన్యా అను భాషను, వెల్ష్ భాష పోలికతో సిందారిన్ అను భాషను కూర్చెను. వానికి వ్యాకరణము, ధ్వనిపరిణామ సూత్రములు, పదముల పుట్టుపూర్వోత్తరములు సమకూర్చెను. భాష యున్నచో దానిని మాటలాడు జనులుండవలెను. జనులున్నచో వారికొక చరిత్ర యుండవలెను. కథలకొరకు భాషలు పుట్టలేదనియు, భాషలకు నెలవుగా కథలు పుట్టినవనియు ఆయనయే చెప్పుకొనెను. మణి పేరు సైతము అట్టిదే. క్వెన్యాలో ‘సిల్’ అను ధాతువునకు తెల్లగా ప్రకాశించుట అని యర్థము.

ఆయన చదువుకొను దినములలో మనస్సున నాటుకొన్న గ్రంథములు రెండు. ఒకటి ఫిన్లండు జానపద గేయములనుండి ఎలియాస్ లోన్రోత్ కూర్చిన ‘కలేవల’. అందు ఇల్మరినెన్ అను కమ్మరి ‘సంపో’ అను అద్భుతవస్తువును నిర్మించును. అది పిండిని, ఉప్పును, ధనమును ఎడతెగక విసరు తిరుగలి. దానికొరకు రెండు జాతులు పోరాడగా అది పగిలి సముద్రము పాలగును. సంపోకును సిల్మరిల్‌కును గల పోలికను విమర్శకులు పలువురు గుర్తించిరి. రెండవది ఒక ప్రాచీనాంగ్ల క్రైస్తవ కావ్యము. అందలి ‘ఎయారెండెల్’ అను ఒక్క మాట, వేగుచుక్కను సూచించు మాట, టోల్కీన్‌ను విడువలేదు. 1914 సెప్టెంబరులో ఆ పేరుగల నావికుడు ఆకాశమున ఓడ నడుపుకొనుచు పోవుటను గూర్చి ఆయన ఒక పద్యము వ్రాసెను. ఆ నావికుని నుదుట మణి నిలుచుట తరువాతి మాట.

ఆ నడుమ మహాయుద్ధము వచ్చెను. 1916లో ఫ్రాన్సులోని సోమ్ యుద్ధరంగమున టోల్కీన్ సంకేతాధికారిగా పనిచేసెను. పేల మూలమున వ్యాపించు కందకపు జ్వరము సోకి, ఆ సంవత్సరము నవంబరులో ఇంగ్లండునకు తిరిగివచ్చెను. తానును కూడి నలువురుగా మెలగిన పాఠశాల మిత్రబృందమున ఇద్దరు ఆ యేడే యుద్ధమునకు బలియైరి. ఆరోగ్యము కుదుటపడుచున్న దినములలో ఆయన వ్రాయనారంభించిన కథలే తరువాత సిల్మరిలియన్‌కు పునాదు లయ్యెను.

రెండు వృక్షములు, మూడు మణులు

సూర్యచంద్రులు పుట్టకపూర్వము, పడమటి సముద్రమునకు ఆవల, వాలినోర్ అను దేవభూమిలో రెండు వృక్షములుండెను. తెల్పెరియన్ అనునది వెండి వెలుగును, లౌరెలిన్ అనునది బంగారు వెలుగును కురియుచుండెను. ఒకదాని కాంతి తగ్గుచుండగా మరియొకదాని కాంతి పెరుగుచుండును. రెండు కాంతులును కలిసికొను వేళ అన్నింటికంటె మనోహరము. ఆ వెలుగులో ఎల్ఫులు అను అమరజాతి వర్ధిల్లెను. వారిలో ఫెయనోర్ అను రాకుమారుడు శిల్పులలో అగ్రగణ్యుడు. ఆ పేరునకు అగ్నివంటి ఆత్మ అని యర్థము. కన్నతల్లి జీవశక్తి యంతయు ఆ బిడ్డకే వ్యయము కాగా, ఆమె బ్రతుకుపై ఆశ వదలి కన్నుమూసెను.

ఈ ఫెయనోర్ చేసిన తొలి పనులలో ఒకటి ఉపాధ్యాయులకు విశేషముగా నచ్చును. ఆతడు లిపి నిర్మాత. పూర్వుడొకడు చేసిన అక్షరములను సంస్కరించి ‘తెంగ్వార్’ అను లిపిని కూర్చెను. టోల్కీన్ ఈ లిపిని కథలో పేర్కొని ఊరకొనక, అక్షరము అక్షరమును గీసి చూపెను. అందు దంత్యములు ఒక వరుస, ఓష్ఠ్యములు ఒక వరుస, కంఠ్యములు ఒక వరుస. పరుషాక్షరమునకు వంపు ఒకటియైనచో దానికి జతయైన సరళాక్షరమునకు వంపులు రెండు. తకార దకారముల చుట్టరికము, పకార బకారముల చుట్టరికము అక్షరముల రూపముననే కంటికి కనబడును. కవర్గము, తవర్గము, పవర్గము వల్లెవేసి, పరుషములు సరళములగు సంధులు చదివిన తెలుగు విద్యార్థికి ఈ లిపి పరాయిదిగా తోచదు.

అటువంటి శిల్పికి ఒకనాడు ఒక చింత కలిగెను. ఈ వృక్షముల వెలుగును ఎన్నటికిని చెడకుండ భద్రపరచు ఉపాయమేది? చాలకాలము రహస్యముగా శ్రమించి, ‘సిలిమ’ అను పదార్థమును తయారుచేసి, దానితో మూడు మణులు నిర్మించి, వానిలో రెండు వృక్షముల కలిసిన కాంతిని నింపెను. చూచుటకు అవి వజ్రపు స్ఫటికములవలె నుండును. గట్టిదనమున వజ్రమును మించును. చీకటిలో సైతము తమంత తామే వెలుగును. నక్షత్రములను వెలిగించిన దేవియగు వర్దా వానిని పవిత్రము చేసెను. మర్త్యదేహము గాని, అపవిత్రహస్తము గాని, దుష్టబుద్ధి గాని సోకినచో సోకినదే మాడిపోవును.

మణులను చూచి లోకము ఆశ్చర్యపడెను. ఫెయనోర్ తొలుత వానిని పండుగ విందులలో నుదుట ధరించి అందరికిని చూపెను. పోను పోను తండ్రికిని, తన యేడుగురు కుమారులకును తప్ప ఇతరులకు చూపుటకు మనసొప్పకుండెను. పాత్ర ఆతడు చేసినదే. పాత్రలోని వెలుగు మాత్రము ఆతడు చేసినది కాదు. ఈ భేదమును ఆతడు క్రమముగా మరచిపోయెను. కథలో చీకటి తొలిసారి ప్రవేశించినది ఈ మరపుతోనే యనవచ్చును.

ఒక్క కోరిక, ఒక్క జవాబు

మెల్కోర్ అను దుష్టదైవము అసూయతో వేగిపోయి, సాలెపురుగు రూపముగల ఉంగోలియంట్ అను పిశాచిని తోడు తెచ్చుకొనెను. వాడు వృక్షములను ఈటెతో పొడిచెను. అది వాని రసమును కడకంట పీల్చి విషము నింపెను. వాలినోర్ అంతయు చీకటి క్రమ్మెను. చెట్లను పెంచిన దేవత యవన్నా, మోడులను తాకి చూచి, ఒక్కటే మార్గము కలదనెను. ఆ వృక్షముల వెలుగు ఇప్పుడు సిల్మరిల్ మణులలో మాత్రమే మిగిలియున్నది. మణులు భగ్నము చేసి ఆ వెలుగు నిచ్చినచో, వేళ్లు ఎండకమునుపే వృక్షములను మరల బ్రతికింపవచ్చును.

ఫెయనోర్ చాలసేపు మౌనముగా నిలిచెను. పిమ్మట, గొప్పవానికైనను కొద్దివానికైనను ఒక్కమారే చేయగల పని యొకటి యుండుననియు, దాని యందే వాని ప్రాణముండుననియు, మణులు పగిలినచో తన గుండె పగులుననియు చెప్పి, తన యిష్టముతో ఈయనని నిరాకరించెను. ఈ మాటను తేలికగా త్రోసిపుచ్చరాదు. ఒక కావ్యమునకు, ఒక శిల్పమునకు జీవితమంతయు ధారపోసిన వారెవ్వరైనను ఆతని బాధ ఎరుగుదురు. తనదికాని దానిని పట్టుకొని కూర్చున్న లోభివంటి వాడు కాడు ఫెయనోర్. తన చేతిపనియం దున్న ప్రేమయే ఆతనికి సంకెల యయ్యెను.

అంతలో దూతలు పరుగున వచ్చిరి. మెల్కోర్ ఆతని తండ్రిని చంపి, మూడు మణులను అపహరించుకొని పారిపోయెను. అనగా ఫెయనోర్ ‘ఇచ్చెద’ నని యున్నను ఇచ్చుటకు మణులు లేవు. ఆతని జవాబుతో వృక్షములకు లాభము లేదు, నష్టము లేదు. అయినను ఆ జవాబు వేరైయున్నచో ఆతని తరువాతి చేతలు వేరుగా నుండెడివేమో యని కథకుడు సూచించును. గ్రంథమంతటికి గుండెకాయ ఈ ఘట్టము. చేతిలో లేని వస్తువును గూర్చి చెప్పిన ‘ఈయను’ అను మాట ఒక జాతి తలవ్రాతను మార్చివేసెను. పుట్టుకతో వచ్చిన కవచమును ఒడలినుండి ఒలిచి యిచ్చిన కర్ణుని కథ విన్నవారికి, ఫెయనోర్ దాటలేని గడప ఎంత ఎత్తైనదో తెలియును.

దుఃఖముతోను, క్రోధముతోను ఫెయనోర్, ఆతని యేడుగురు కుమారులు ఘోరమైన ప్రమాణము చేసిరి. దేవతయైనను, రాక్షసుడైనను, ఎల్ఫయినను, మనుష్యుడైనను సిల్మరిల్ దాచుకొన్నచో వానిని వెంటాడి తీరుదుమనిరి. సముద్రము దాటుటకు ఓడలు కావలెను. తీరవాసులైన తెలెరి జాతివారిని అడుగగా, ఆ తెల్లని ఓడలు తమ హృదయముల పని యనియు, అట్టివి మరల చేయజాలమనియు వారు చెప్పిరి. అది ఫెయనోర్ యవన్నాకు చెప్పిన మాటయే. తన నోట న్యాయమై తోచిన మాట ఇతరుల నోట ఆతనికి వినబడలేదు. తెలెరులను చంపి ఓడలు లాగుకొనెను; ఆవలి యొడ్డు చేరి వానిని తగులబెట్టించెను. అనతికాలముననే యుద్ధమున మరణించెను. ప్రమాణము మాత్రము బ్రతికియుండెను.

కన్యాశుల్కముగా అడిగిన మణి

మణులు తాకిన మెల్కోర్ చేతులు మాడి నల్లబడెను. ఆ నొప్పి ఎన్నటికిని మానలేదు. అయినను వాడు వానిని ఇనుప కిరీటమున పొదిగించుకొని తలపై మోయుచుండెను. ఎల్ఫుల సైన్యములు శతాబ్దములు పోరాడియు ఆ కిరీటమును సమీపింపలేకపోయెను. సమీపించిన వారు ఇద్దరే: ఇల్లు వాకిలి లేని బెరెన్ అను మనుష్యుడు, లూథియెన్ అను ఎల్ఫుల రాకుమారి.

ఈ కథకు మూలమైన దృశ్యము టోల్కీన్ స్వానుభవము. 1917లో యార్క్‌షైర్ ప్రాంతపు రూస్ గ్రామమువద్ద, తెల్లని పూలు నిండిన అడవి తావున ఆయన భార్య ఎడిత్ ఆయన యెదుట నాట్యమాడెను. కథలో బెరెన్ లూథియెన్‌ను తొలుత చూచినది అట్లే. ఆమె తండ్రి థింగోల్ మహారాజు మర్త్యునకు కూతురు నిచ్చుటకు ఇష్టపడక, ఆ కిరీటమునుండి ఒక సిల్మరిల్‌ను కన్యాశుల్కముగా తెమ్మనెను. చావుమని చెప్పక చెప్పుటయే అది. లూథియెన్ తోడై వచ్చి, తన గానముతో శత్రువును సభతో సహా నిద్రపుచ్చెను. బెరెన్ ఒక మణిని కిరీటమునుండి ఊడదీసెను. ఆశ కలిగి రెండవ మణిపై కత్తి పెట్టగా కత్తి విరిగెను. ద్వారమున కావలియున్న తోడేలు మణి పట్టిన ఆతని చేతిని మణికట్టువరకు కొఱికి మ్రింగెను. తిరిగివచ్చిన బెరెన్, మణి తన చేతిలోనే యున్నదని రాజునకు చెప్పి, మొండిచేయి చూపెను. రాజు హృదయము ఆనాడు కరగెను.

పిదప ఆ తోడేలును వేటాడి మణిని సాధించుటలో బెరెన్ ప్రాణము విడిచెను. లూథియెన్ మృత్యుదేవత యెదుట పాడి ఆతనిని బ్రతికించుకొనెను. అందులకు మారుగా తన అమరత్వమును వదలుకొనెను. సావిత్రి కథ ఎరిగిన తెలుగు పాఠకుడు ఇచ్చట ఒక క్షణము ఆగును. సావిత్రి మాటల నేర్పుతో పతిప్రాణము తెచ్చుకొనెను. లూథియెన్ పాటతో తెచ్చుకొని, వెల చెల్లించెను.

నింగి, నేల, నీరు

మణిని ఉంచుకొనిన థింగోల్ దానిని హారమున పొదిగించబోయి, ఆ పనికి వచ్చిన మరుగుజ్జుల చేతిలో చచ్చెను. ఫెయనోర్ కుమారులు ప్రమాణము తరుమగా రెండుమార్లు తమ సోదరజాతిపై పడి ఊచకోత కోసిరి. తుదకు లూథియెన్ మనుమరాలు ఎల్వింగ్ మణితోకూడ సముద్రమున దుమికెను. జలదేవుడు ఆమెను తెల్లని పక్షిగా మార్చి, భర్తయైన ఎయారెండిల్ ఓడకు చేర్చెను. 1914నాటి పద్యమందలి నావికుడు ఇతడే. మణి వెలుగు దారి చూపగా, ఎవ్వరును చేరలేని వాలినోర్ చేరి, ఎల్ఫులకొరకును మనుష్యులకొరకును దేవతలను వేడుకొనెను. తనకొరకు ఏమియు అడుగలేదు. దేవసైన్యము కదలి మెల్కోర్‌ను పడగొట్టెను. ఎయారెండిల్ నుదుట మణి ధరించి నేటికిని ఆకాశమున ఓడ నడుపుచున్నాడని కథ. మనము శుక్రగ్రహమనునదియు, వేగుచుక్క యనునదియు అదియే.

మిగిలిన రెండు మణులను ఫెయనోర్ కుమారులలో చివరకు మిగిలిన మైద్రోస్, మగ్లోర్ దొంగిలించిరి. తండ్రి చేసిన మణులు. తమ సొత్తని నమ్మిన మణులు. అవి వారి చేతులను కాల్చెను. ఇన్ని హత్యలు చేసిన చేతులకు హక్కు మిగులలేదని అప్పుడు వారికి తెలిసెను. బాధ భరింపలేక మైద్రోస్ మణితో అగ్నిబిలమున దుమికెను. మగ్లోర్ తన మణిని సముద్రమున విసరివైచి, తీరమున పశ్చాత్తాపముతో పాడుకొనుచు తిరిగెను. ఒకటి నింగిలో, ఒకటి నేలలో, ఒకటి నీటిలో. మూడును ఎవ్వరికిని అందని తావులలో నిలిచెను. వానిలో నేడు వెలుగు నిచ్చుచున్నది ఇతరులకొరకు అడుగబోయిన వాని నుదుట నున్నది మాత్రమే.

ఆ వెలుగు కథ అంతటితో ముగియలేదు. 1954–55లో వెలువడిన ‘లార్డ్ ఆఫ్ ది రింగ్స్’లో గలాద్రియెల్ రాణి ఆ చుక్క కాంతిని నీటిలో పట్టి, చిన్న గాజుబుడ్డిలో నింపి ఫ్రోడో అను సామాన్యునకు ఇచ్చును. ఉంగోలియంట్ సంతతియగు సాలెపురుగు గుహలో ఆ బుడ్డియే ఆతనికి దీపమగును. వృక్షములను మ్రింగిన చీకటి యొక్క బిడ్డను వృక్షముల వెలుగే తరుమును. తామును ఆ పాతకథలోనే యున్నామని సేవకుడైన సామ్ గుర్తించును.

కవి చేతిలో మిగిలిన మణి

టోల్కీన్ జీవితముననే ఈ ప్రశ్న మరియొక రూపమున ఎదురయ్యెను. 1937 సెప్టెంబరు 21న ‘హాబిట్’ వెలువడి ఆదరము పొందగా, ఆయన సిల్మరిలియన్ వ్రాతప్రతులను ప్రకాశకులకు పంపెను. వారు హాబిట్‌ల కథయే మరల కావలెననిరి. ఆ డిసెంబరులో మొదలుపెట్టినదే లార్డ్ ఆఫ్ ది రింగ్స్. అది ముగిసిన పిదప సిల్మరిలియన్‌ను మరల చేపట్టి, దిద్దుచు, తిరుగ వ్రాయుచు, పూర్తిచేయకయే 1973 సెప్టెంబరు 2న ఆయన కన్నుమూసెను. ఒక్కమారే చేయగల పనిని చేతినుండి విడువలేని శిల్పి బాధ ఆయన ఎరుగని బాధ కాదు.

1945లో ప్రకటించిన ఒక చిన్నకథలో ఆయన నిగ్గిల్ అను చిత్రకారుని చిత్రించెను. నిగ్గిల్ ఒక ఆకుతో మొదలుపెట్టి పెద్ద వృక్షమును చిత్రించుచు, పొరుగువాని అక్కరలు అడ్డుపడగా విసుగుకొనుచునే వానికి సాయపడుచు, చిత్రము ముగియకుండగనే తప్పని ప్రయాణమునకు బయలుదేరును. ఆ గుడ్డ పొరుగింటి మరమ్మతునకు పోవును. ప్రయాణాంతమున ఆతడు చూచునది తాను గీయగోరిన వృక్షమే, ప్రాణముతో, ఆకులతో నిలిచియుండును. ఫెయనోర్ ఈయనన్నాడు, నిగ్గిల్ సణుగుకొనుచునే ఇచ్చినాడు. వృక్షము దక్కినది నిగ్గిల్‌కు.

టోల్కీన్ కుమారుడు క్రిస్టఫర్ తండ్రి వ్రాతప్రతులను పరిష్కరించి 1977లో సిల్మరిలియన్‌ను ప్రకటించెను. 1983 మొదలు 1996 వరకు పండ్రెండు సంపుటములలో ఆ కల్పనలోకపు చిత్తుప్రతుల చరిత్రను సైతము వెలువరించి, 2020లో మరణించెను. ఫెయనోర్ కుమారులు తండ్రి మణులను లోకమునుండి లాగుకొనజూచిరి. ఈ కుమారుడు తండ్రి మణిని లోకము చేతిలో పెట్టెను.

ఆక్సఫర్డులోని వుల్వర్‌కోట్ శ్మశానవాటికలో 1971లో మరణించిన ఎడిత్, 1973లో మరణించిన టోల్కీన్ ఒకే రాతిక్రింద నిద్రించుచున్నారు. ఆమె పేరు క్రింద లూథియెన్ అనియు, ఆయన పేరు క్రింద బెరెన్ అనియు చెక్కియున్నది. ఆచార్యపదవులు గాని, బిరుదములు గాని ఆ రాతిపై లేవు. తెల్లవారుజామున వేగుచుక్క పొడిచిన దినములలో దాని వెలుగు ఆ రాతిమీదను, తెలుగునాట వేకువనే లేచి పాఠము వల్లెవేయు విద్యార్థి ముంగిటను ఒక్కరీతినే పడును. దానిని ‘నాది’ అని దాచుకొనగలవాడు లేడు.